నువ్వులకు అంటిన పూలవాసన: చైతన్యం ఆగాక మిగిలేదాన్ని గురించి ఒక ఊహ

మరణాన్ని చెప్పడానికి తెలుగులో మాటలు చాలా ఉన్నాయి. పోయాడు, కన్నుమూశాడు, తనువు చాలించాడు, కాలం చేశాడు. ఒక్కో మాట వెనక ఒక్కో తత్త్వం ఉంది. ‘పోయాడు’ అనగానే వెళ్లినవాడొకడు, వెళ్లిన చోటొకటి ఉన్నట్టే. ‘తనువు చాలించాడు’ అంటే తనువు వేరు, ఇక చాలనుకున్నవాడు వేరు. ‘దీపం ఆరిపోయింది’ అన్నప్పుడు మాత్రం ఆ మంట ఎటు వెళ్లిందని ఎవరూ అడగరు. విముక్తుడు మరణించాక ఎక్కడుంటాడని వచ్ఛగోత్తుడనే సంచార సన్యాసి అడిగినప్పుడు బుద్ధుడు ఈ తేడానే పట్టుకున్నాడు. ఎదురుగా ఆరిన మంట తూర్పుకు పోయిందా, పడమరకు పోయిందా అని తిరిగి అడిగాడు. పాళీ బౌద్ధ గ్రంథమైన మజ్ఝిమ నికాయం 72వ సుత్తంలో ఉంది ఈ సంభాషణ.

‘చనిపోయాక ఏం మిగులుతుంది?’ అన్న ప్రశ్న చిక్కుపడేది అందులో మూడు ప్రశ్నలు పెనవేసుకుని ఉండడం వల్ల. ఆగిపోయింది ఏది? ఆగాక మిగిలింది ఏది? ఆ మిగిలింది ఎవరిది? మొదటిదానికి చాలావరకు శరీరశాస్త్రం జవాబు చెబుతుంది. రెండోదానికి ఊహ కావాలి. మూడోది మాత్రం ఎంత అందమైన ఊహనైనా విరగ్గొట్టగలదు. ఇక్కడ చేయబోయేది ఒక ఊహాత్మక తత్త్వాన్ని కట్టి, దాని కీళ్లు ఎక్కడ వదులవుతాయో చూడడం. దానికి ‘శేషవాదం’ అని పేరు పెట్టుకుందాం. ఇది ప్రయోగశాల తేల్చిన సంగతి కాదు, ఏ సంప్రదాయపు సిద్ధాంతమూ కాదు. కానీ ఊహకు కూడా లెక్క ఉండాలి. తెలిసిన వాస్తవాలతో గొడవపడే ఊహ వల్ల ఎవరికీ ఉపయోగం లేదు.

ఆగడం ఎలా ఉంటుంది

మెదడుకు రక్తం అందడం ఒక్కసారిగా ఆగితే సుమారు 7 సెకన్లకే స్పృహ తప్పుతుందని 1943లో మెడకు గాలిపట్టీ బిగించి మనుషుల మీద చేసిన ప్రయోగాలు చూపించాయి. అలాంటి ప్రయోగాలకు నేడు ఏ నైతిక సంఘమూ అనుమతి ఇవ్వదు. ఆ తర్వాత అర నిమిషం అటూ ఇటుగా మెదడు విద్యుత్ రేఖ చదునవుతుంది. కణాలు అంతటితో చచ్చిపోవు. అవి శక్తి ఖర్చుపెట్టి నిలబెట్టుకున్న విద్యుదావేశం తర్వాతి నిమిషాల్లో కూలిపోతుంది. ఆ కూలడం ఒకచోట మొదలై అలలా పాకుతుంది. మరణిస్తున్న మనుషుల్లో ఈ అలను నమోదు చేసిన అధ్యయనం 2018లో వచ్చింది.

మధ్యలో మరో వింత ఉంది. గుండె ఆపిన ఎలుకల మెదళ్లలో ఆ తర్వాతి అర నిమిషంలో వేగవంతమైన గామా తరంగాలు ఉప్పొంగడం 2013లో కనిపించింది. 2023లో, కృత్రిమ శ్వాస తీసేసిన నలుగురు రోగుల్లో ఇద్దరికి అలాంటి పొంగే కనిపించింది. ఆ ఇద్దరూ ఏం అనుభవించారో, అసలు ఏదైనా అనుభవించారో లేదో చెప్పడానికి మిగల్లేదు. కాబట్టి ఆ తరంగాలను ‘ఆత్మ బయలుదేరిన చప్పుడు’ అనడం ఎంత తొందరపాటో, వాటికి ఏ అర్థమూ లేదనడం అంతే తొందరపాటు.

ఇక 2019 నాటి ప్రయోగం. వధించి నాలుగు గంటలైన పందుల మెదళ్లకు ఒక ప్రత్యేక ద్రవాన్ని ఆరు గంటలపాటు ప్రసరింపజేస్తే రక్తనాళాలు స్పందించాయి, కణాలు చక్కెరను వాడుకున్నాయి. స్పృహను సూచించే సమన్వయ విద్యుత్తు మాత్రం కనిపించలేదు. నాడుల చురుకును అణచే మందు కూడా ఆ ద్రవంలో ఉందన్న సంగతి చాలా కథనాల్లో జారిపోయింది. అది మరిచిపోతే ఫలితాన్ని తప్పుగా చదువుతాం.

అంటే మరణానికి ఒకే గడియారం లేదు. స్పృహ సెకన్లలో ఆగుతుంది, విద్యుత్ వ్యవస్థ నిమిషాల్లో కూలుతుంది, కణాల అమరిక గంటలపాటు నిలుస్తుంది. ‘మరణ క్షణంలో ఫలానాది విడుదలవుతుంది’ అనే ఏ సిద్ధాంతమైనా ఈ మూడింటిలో ఏ గడియారం చూసి చెబుతోందో ముందు తేల్చాలి. 1907లో అమెరికన్ వైద్యుడు డంకన్ మెక్‌డూగల్ ఆరుగురు మరణాసన్నులను మంచంతో సహా ఆత్మకు బరువుందేమో చూడాలని త్రాసు మీద పెట్టి తూచిన ఫలితాలను ప్రచురించాడు. ఒకరిలో ముప్పావు ఔన్సు, అంటే సుమారు 21 గ్రాములు తగ్గినట్టు చూశాడు. ఇద్దరి కొలతలను తానే పక్కన పెట్టాడు, మిగతావి ఒకదానితో ఒకటి కలవలేదు. త్రాసు సంగతి అలా ఉంచినా, అసలు పొరపాటు అంతకుముందే జరిగింది. జరుగుతూ ఉన్న ఒక పని ఆగితే, ఆ పని బరువెంత అని అడగడం అది. పాట ఆగినప్పుడు గదిలో బరువు తగ్గదు.

పాత జవాబుల్లో పనికొచ్చే ముక్కలు

శేషవాదం శూన్యంలోంచి కట్టనక్కర్లేదు. మిగిలేదానికి జాబితా రాసినవాళ్లు మనకు ముందే ఉన్నారు. సాంఖ్య దర్శనం వాళ్లు లింగశరీరంలో, అంటే మరణం తర్వాత ప్రయాణించే సూక్ష్మ దేహంలో, 18 అంశాలు లెక్కపెట్టారు: బుద్ధి, అహంకారం, మనస్సు, పది ఇంద్రియాలు, ఐదు తన్మాత్రలు (శబ్దం, స్పర్శ వంటి సూక్ష్మ భూతాలు). అద్వైతులు సూక్ష్మశరీరానికి 17 చెబుతారు: పది ఇంద్రియాలు, ఐదు ప్రాణాలు, మనస్సు, బుద్ధి. జైనులకు కర్మ అంటే జీవుణ్ణి పట్టుకునే అతిసూక్ష్మ పదార్థం. భౌతికవాదులైన చార్వాకులకు శేషమే లేదు. పులిసిన దినుసుల కలయికలో మత్తు పుట్టినట్టు భూతాల కలయికలో చైతన్యం పుట్టింది, కలయిక చెదిరితే అదీ లేదు. ఈ చివరి మాటను తేలిగ్గా తోసేయకూడదు. శేషవాదం మొదటి అడుగు దాని మీదే వేస్తుంది.

బృహదారణ్యక ఉపనిషత్తులో ఆర్తభాగుడు యాజ్ఞవల్క్యుణ్ణి అడిగిన ప్రశ్న ఈ మొత్తం విషయానికి ప్రాణం. మనిషి చనిపోయాక వాక్కు అగ్నిలో, ప్రాణం వాయువులో, కన్ను సూర్యుడిలో కలిసిపోతే, అప్పుడు ఆ మనిషి ఎక్కడున్నట్టు? యాజ్ఞవల్క్యుడు నలుగురిలో జవాబివ్వలేదు. చెయ్యి పట్టుకుని పక్కకు తీసుకెళ్లాడు. వాళ్లిద్దరూ మాట్లాడుకున్నది కర్మ గురించి అని మాత్రం గ్రంథం చెబుతుంది. ఇందులో గమనించాల్సింది ఏమిటంటే, ప్రశ్న జాబితాతో మొదలై జాబితాతో ఆగలేదు. భాగాలన్నీ ఎక్కడికి చేరాయో తెలిసిపోయినా ‘ఆ మనిషి’ దొరకలేదు.

అన్నిటికన్నా ఎక్కువ పనికొచ్చే మాట ‘వాసన’. సంస్కృతంలో అది అనుభవం వదిలిన సంస్కారం, తెలుగులో ముక్కుకు తగిలేది. యోగాచార శాఖకు చెందిన బౌద్ధులు ఈ రెండు అర్థాలనూ కలిపే పోలిక వాడారు. పూలతో కలిపి ఉంచిన నువ్వులకు పూల వాసన పడుతుంది. పూలు వాడి రాలిపోయాక ఆ నువ్వుల నుంచి తీసిన నూనెలోనూ ఆ వాసన ఉంటుంది. నూనెలో పువ్వు లేదు, రేకు లేదు, పువ్వు కథా లేదు. అయినా మల్లె నూనెను సంపెంగ నూనె అని ఎవరూ పొరబడరు. శేషం అంటే ఎలాంటిదో ఇంతకన్నా సూటిగా చెప్పిన పోలిక మరొకటి దొరకదు.

కట్టుబడి

ఇప్పుడు నియమాలు. చైతన్యం వస్తువు కాదు, ఒక జరుగుబాటు. కాబట్టి మరణంలో శరీరం నుంచి బయటికి వెళ్లేది ఏదీ లేదు. ఇది చార్వాకుల నుంచి తీసుకున్నాం. రెండో నియమం: ప్రతి అనుభవం తాను జరిగిన చోటును కొద్దిగా మారుస్తుంది, ఆ మార్పే శేషం. మూడోది: శేషం తనంతట తాను దేన్నీ అనుభవించదు. ఎండిన కాలువకు దాహం వేయదు.

నాలుగో నియమంలోనే అసలు ఊహ ఉంది. అనుభవాలు జరిగే చోటు మెదడొక్కటే కాదనీ, దాని కింద అందరికీ ఉమ్మడిగా ఒక ‘నేల’ ఉందనీ అనుకుంటున్నాం. అది ఆలోచించదు, గుర్తుపెట్టుకోదు, తీర్పులు చెప్పదు. దాని మీద చైతన్యం పారితే గాడి పడుతుంది. తర్వాత పారేది ఆ గాడి వైపు కాస్త మొగ్గుతుంది. అంతవరకే దాని పని.

శేషంలో మూడు రకాలున్నాయి. ‘అచ్చు’ అంటే విషయం: పేర్లు, ముఖాలు, ఫలానా రోజున పడ్డ వాన. ‘వాలు’ అంటే మొగ్గు: దేని మీద దృష్టి నిలిచేది, కోపం ఎంత త్వరగా వచ్చేది, అవతలివాడి మాట పూర్తయ్యేదాకా ఆగేవాడా కాదా. ‘కొస’ అంటే తెగిన పని చివర వేలాడే దారం: చెప్పాలనుకుని చెప్పని మాట, సగం కట్టిన గోడ.

వీటిలో ఏది నేలకు దిగుతుంది? అచ్చు దిగదు. కారణం ఇదీ. మనిషి మెదడులో సుమారు 8,600 కోట్ల నాడీకణాలు ఉంటాయి, వాటి మధ్య కలయికలు కోటి కోట్ల స్థాయిలో ఉంటాయి. ఒక ముఖం జ్ఞాపకం ఆ కలయికల్లో ఒకానొక అమరికగా ఉంది. ఆ అమరికకు అర్థం ఆ మెదడులోనే. అదే అమరికను మరో మెదడులో యథాతథంగా పెట్టినా అక్కడ అది ఆ ముఖం కాదు, ఎందుకంటే చుట్టూ ఉన్న మిగతా కలయికలు వేరు. అచ్చు అంటే తాళం పడ్డ పెట్టె. తాళంచెవి దాన్ని రాసిన మెదడే. మెదడు చెదిరిన రోజున పెట్టె ఉన్నా తెరిచేవాళ్లు లేరు.

వాలుకు తాళంచెవి అక్కర్లేదు. నీరు ఏ చెరువుదైనా, ఏ వానదైనా పల్లం వైపే పోతుంది. పల్లం ఎవరు తవ్వారో నీటికి తెలియాల్సిన పని లేదు. కాబట్టి ఒక మెదడు నుంచి మరో చోటికి అర్థం చెడకుండా దాటగలిగేది వాలు ఒక్కటే. శేషవాదం చెప్పదలచింది మొత్తం ఇక్కడ ఉంది: ఎంత నాదైతే అంత నిలవదు, ఎంత నిలిస్తే అంత నాది కాదు. నా జ్ఞాపకాలు నిఖార్సుగా నావి, అవి దాటలేవు. నా మొగ్గు దాటుతుంది, కానీ దాని మీద నా పేరు లేదు.

సంగీతం నేర్పే ఒకామెను ఊహించుకోండి. నలభై ఏళ్లు నేర్పింది. తొలి కచేరీలో గొంతు వణికిన జ్ఞాపకం అచ్చు. స్వరం ఎత్తుకునే ముందు అర క్షణం ఆగి వినే అలవాటు వాలు. రెండు చరణాలు కట్టి మూడోది వదిలేసిన కీర్తన కొస. ఆమె చనిపోయిన తర్వాత ముందుగా పోయేది ఈ మూడూ ‘ఆమెవి’గా ఉండడం, వాటిని ఒక గుత్తిగా పట్టుకున్న స్పృహ. అది సెకన్లలో జరుగుతుంది. తర్వాత గంటల్లో, రోజుల్లో అచ్చు చెదురుతుంది. వాలుకు ఏమీ జరగదు, ఎందుకంటే అది నలభై ఏళ్లుగా రోజూ కొంత కొంత పడుతూనే వచ్చింది, మరణం కోసం ఎదురుచూడలేదు. చాలామంది తడబడేది ఇక్కడే. శేషం చివరి క్షణంలో విడుదలయ్యేది అనుకుంటారు. ఈ లెక్కలో చివరి క్షణానికి ఏ ప్రత్యేకతా లేదు, అది కూడా ఎన్నో క్షణాల్లో ఒకటి.

గాడి లోతు దేన్ని బట్టి? రెండింటిని బట్టి: ఎన్నిసార్లు పారింది, ఎంత ధ్యాసతో పారింది. ఒక రాత్రి కుండపోత చాలా మట్టిని కదిలిస్తుంది, కానీ కాలువ తవ్వేది ఏళ్ల తరబడి పారిన సన్నధార. గాడి పూడేది కూడా రెండు రకాలుగా: దాని వెంట ఏదీ పారకపోతే, లేదా అడ్డంగా మరొకటి పారితే. దీనికి కొలమానం లేదు. ఒకదానికన్నా మరొకటి లోతు అనగలం గానీ ఎంత లోతు అని అంకె వేయలేం. అంకె వేసి చూపించేవాళ్లు ఊహకు కట్టుబడడం మానేసి అమ్మకానికి దిగారన్నమాట.

ఎక్కడ విరుగుతుంది

మొదటి దెబ్బ పదునైనది. ఆమె ఆగే అలవాటు శిష్యులకు వచ్చింది, నిజమే. కానీ వాళ్లు ఆమె ఎదుట కూర్చుని నేర్చుకున్నారు గదా. దానికి నేల ఎందుకు? పెంపకం, అనుకరణ చాలవా? గ్రీకు రాజు మిలిందుడికి బౌద్ధ భిక్షువు నాగసేనుడు ఇచ్చిన జవాబు ఇదే దారిలో ఉంది. దీపం నుంచి దీపం వెలిగినప్పుడు మొదటి దీపంలోంచి ఏదీ తరలివెళ్లలేదు, గురువు దగ్గర శ్లోకం నేర్చినప్పుడు శ్లోకం గురువులోంచి తరలిపోలేదు. తరలకుండానే కొనసాగింపు ఉంది.

నేలను తీసేస్తే శేషవాదం ఒక మంచి సామాజిక పరిశీలనగా మిగులుతుంది, తత్త్వంగా మిగలదు. నేలను ఉంచాలంటే అది చేసే తేడా ఏదో చెప్పాలి: ఒకరినొకరు ఎన్నడూ ఎరగని వాళ్ల మధ్య కూడా మొగ్గు దాటాలి. అలా దాటినా అది ఎవరి నుంచి వచ్చిందో చెప్పలేం, ఎందుకంటే వాలు మీద పేరు ఉండదని మనమే నియమం పెట్టుకున్నాం. అంటే నేల ఉన్నా లేకున్నా బయటికి కనిపించే ప్రపంచం ఒకేలా ఉంటుంది. ఇది చిన్న లోపం కాదు. దీన్ని దాచిపెట్టి ముందుకు పోయే ప్రతి ‘చైతన్య సిద్ధాంతం’ పాఠకుణ్ణి మోసం చేసినట్టే.

ఒక మూల మాత్రం ఈ ఊహను పరీక్షించవచ్చు. అచ్చు దాటదని శేషవాదం కచ్చితంగా అంటోంది. అందుకని ఎవరైనా, వినడానికి చదవడానికి ఏ దారీ లేకుండా, చనిపోయిన మనిషి పేర్లూ వివరాలూ సరిగ్గా చెప్పగలరని రుజువైతే, శేషవాదం బలపడదు, కూలిపోతుంది. గత జన్మ జ్ఞాపకాల కథలను ఈ సిద్ధాంతానికి సాక్ష్యంగా తెచ్చేవాళ్లు తమకు తెలియకుండా దాని గొంతు నొక్కుతున్నారు.

రెండో దెబ్బ లెక్కది. ఒకే గాడిలోకి రెండు ధారలు మొగ్గవచ్చు, ఇరవై మొగ్గవచ్చు. ఇరవై మందీ ఆమే అయితే వాళ్లందరూ ఒక్కరే కావాలి, కారు. ఒక మనిషి రెండుగా చీలితే ఎవరు అసలు అన్న ప్రశ్నను 1984లో బ్రిటిష్ తత్త్వవేత్త డెరెక్ పార్ఫిట్ సవివరంగా తవ్వి, మనకు నిజంగా ముఖ్యమైనది గుర్తింపు కాదేమో, కొనసాగింపేమో అన్న చోటికి చేరాడు. శేషవాదం ఆ చోటనే నిలబడాలి. శేషం ఆమె నుంచి వచ్చిందే గానీ ఆమె కాదు.

మూడోది భౌతికశాస్త్రం పేరు చెప్పి చేసే తప్పు: ‘సమాచారం నశించదు, కాబట్టి నేను నశించను.’ మొదటి సగానికి ఒక అర్థం ఉంది. మూల సమీకరణాల స్థాయిలో స్థితులు ఒకదానిలో ఒకటి కలిసి మాయమైపోవు. ఉత్తరాన్ని కాలిస్తే అక్షరాల వివరం పొగలో, వేడిలో, బూడిదలో చెల్లాచెదురై ఉంటుంది. కానీ దాన్ని చదవగలవాళ్లు లేరు. 1961లో భౌతికశాస్త్రవేత్త రాల్ఫ్ లాండవర్ చూపిన ప్రకారం ఒక్క బిట్టు (సమాచారపు కనీస ముక్క) చెరపడానికి శరీర ఉష్ణోగ్రత దగ్గర కనీసం 3×10⁻²¹ జౌళ్ల శక్తి వేడిగా బయటికి పోవాలి. చెరిపింది వేడిలోకి పోతుంది, వేడి నుంచి ఉత్తరం తిరిగి రాదు. నశించకపోవడం వేరు, మిగలడం వేరు. మిగలడం అంటే ఏదో ఒక పని చేయగల రూపంలో ఉండడం.

నాలుగో దెబ్బ నీతికి సంబంధించింది, ఇది ఎక్కువ మందిని నొప్పిస్తుంది. మన దర్శనాల్లో ఆత్మను ఒప్పుకోనివాళ్ల మీద వేసే పాత ఆక్షేపణ ఉంది: కృతనాశం, అకృతాభ్యాగమం. చేసినవాడికి ఫలం అందకుండా పోవడం, చేయనివాడి నెత్తిన ఫలం పడడం. శేషవాదంలో రెండూ జరుగుతాయి. క్రూరుడు తవ్విన గాడి లోతుగా ఉంటుంది, వాడు ఉండడు, దానిలోకి జారేది ఎవరో అమాయకుడు. దీనికి సర్దుబాటు లేదు. ఉందని నటిస్తే మరింత హాని. బాధపడుతున్న మనిషి దగ్గరికి వెళ్లి ఇది నీ పాత శేషమే అనడానికి ఈ సిద్ధాంతంలో చోటు లేదు. వాలు వారసత్వంగా వచ్చిన పొలం లాంటిది. రాళ్లు ఉంటే ఏరుకోవాల్సిందే, కానీ ఆ రాళ్లు వేసింది నువ్వే అని ఎవరూ అనకూడదు.

నడిమధ్య కాలం సంగతి ఒక్క మాటలో. మరణానికీ తర్వాతి పుట్టుకకూ మధ్య వ్యవధి ఉందా అన్నదానిపై బౌద్ధ శాఖలు విడిపోయాయి. థేరవాదులు లేదంటారు, మరికొందరు 49 రోజుల దాకా ఉంటుందంటారు. శేషవాదంలో ప్రయాణించేవాడే లేడు గనుక ఈ ప్రశ్న పుట్టదు.

మీ సొంత ఊహను పరీక్షించాలంటే

ఎవరికి వారు ఇలాంటి నమూనా కట్టుకుంటారు, పైకి చెప్పకపోయినా. దాన్ని పరీక్షించే పద్ధతి కష్టమైనదేమీ కాదు. మిగులుతుందని నమ్మేదాన్ని ఒక కాగితం మీద రాయండి, ‘ఆత్మ’ అని కాకుండా వివరంగా: ఫలానా జ్ఞాపకం, ఫలానా స్వభావం, ఫలానా ప్రేమ. ఒక్కోదాని పక్కన అది ఇప్పుడు, బతికుండగా, ఎక్కడ నిలిచి ఉందో రాయండి. మెదడుకు దెబ్బ తగిలినా మతిమరుపు వచ్చినా అది చెడిపోతుందా అని అడగండి. చెడిపోతే, మెదడు పూర్తిగా పోయాక అది ఎలా నిలుస్తుందో వివరించే బాధ్యత మీ మీద పడుతుంది. ‘మతిమరుపులో వాద్యం పాడైంది గానీ వాయించేవాడు బాగానే ఉన్నాడు’ అన్నది పేరున్న జవాబు. అది ఒప్పుకోవాలంటే, వాద్యం లేకుండా వాయించేవాడు ఏం చేస్తూ ఉంటాడో కూడా చెప్పాలి. చివరగా, అది ఇద్దరిలో ఒకేసారి కనిపించగలదా అని అడగండి. ‘గలదు’ అనిపిస్తే అది శేషం, మనిషి కాదు.

ఇన్ని దెబ్బల తర్వాత కొసల సంగతి మిగిలింది. కొస నేలకు దిగదు, అచ్చులా చెదరదు కూడా. అది ఇంకొకరి చేతికి అందితేనే ఉంటుంది. ఆ మూడో చరణం రాయాలంటే మొదటి రెండూ తెలిసిన మనిషి కావాలి. ఆ రెండు చరణాలు ఎక్కడా రాసి లేకపోతే, వాటిని విన్న శిష్యుల్లో ఆఖరి మనిషి బతికున్నంత కాలం ఆ కీర్తన అసంపూర్ణంగా ఉంటుంది. ఆ మనిషి కూడా పోయాక అసంపూర్ణం కూడా కాదు. స్వరానికి ముందు ఆగే అర క్షణం మాత్రం, ఎవరిదో తెలియకుండానే, ఎక్కడో ఒక గొంతులో ఉంటుంది.